తలుపుతో పాటు వెళ్లిన కాగితం

"మీరు లేవకపోతే నేనేం చెయ్యాలో మీరే చెప్పండి పెద్దమ్మా," అన్నాడు కోర్టు అమీనా. అరిచే ఓపిక లేని మనిషి. వచ్చినప్పటినుంచి ఇదే మాట తిప్పి తిప్పి చెబుతున్నాడు.

అత్తగారు లేవలేదు. మూడో మెట్టు మీద బాసింపట్టు వేసుకుని కూర్చుని, ఒళ్లో గిన్నె పెట్టుకుని బఠాణీలు ఒలుస్తోంది. గింజలు గిన్నెలో పడేవి సగం, కింద దొర్లేవి సగం. ఆవిడ మహా ధీమాగా ఉందని అమీనా అనుకుంటున్నాడు. మామూలుగా ఆవిడ ఒక్క గింజ కూడా కింద పడనివ్వదని కోడలికి తెలుసు.

అమీనా వెనక ఇద్దరు కూలీలు గునపాలు నేలకి ఆనించి, రాని బస్సు కోసం చూసేవాళ్లలా నిలబడ్డారు. వాళ్లు కొట్టాల్సింది ఈ మెట్లనే. వాకిట్లో మొదలై, మూడు మెట్లెక్కాక పక్కకి తిరిగి, దర్జీ ఇంటికీ ఈ ఇంటికీ మధ్యనున్న సందులోంచి మేడ మీదికి వెళ్తాయి. కింద అంతా తలుపులు చేసే పనిశాల, పైన కాపురం. మేడకి ఇంకో దారి లేదు. ఈ మెట్లు పోతే ఇల్లు కాస్తా త్రిశంకు స్వర్గం అవుతుంది.

సందు నాది, అందులోని మెట్లు తీయించండి అని దర్జీ కోర్టుకెక్కాడట. వీళ్ల తరఫున ఎవరూ హాజరు కాలేదట. కోర్టు చూసి చూసి, దర్జీ చెప్పిందొక్కటే విని, తీసెయ్యమని తీర్పిచ్చేసిందట. ఏకపక్ష తీర్పు అంటారట దాన్ని. ఇన్ని 'అట'లు ఒక్క పొద్దున్నే విన్న కోడలికి బుర్ర తిరిగిపోయింది.

"మమ్మల్ని ఎవరూ పిలవందే మేమెలా వస్తామండీ?" అంది.

పిలిచారు, అన్నాడు అమీనా. కోర్టు బంట్రోతు సమన్లు పట్టుకుని వచ్చాడనీ, ఎంత పిలిచినా లోపల రంపం మిషను మోతలో ఎవరికీ వినపడలేదనీ, అందుకని తలుపుకి అతికించి వెళ్లాడనీ చెప్పాడు. కావాలంటే వినమని ఫైల్లోంచి బంట్రోతు రాసిన ముక్క చదివాడు: 'ఇంటివారు పలకనందున, ద్రాక్షగుత్తి చెక్కిన వీధి తలుపునకు అతికించడమైనది.'

కోడలు మరిది వంక చూసింది. మరిది కూలీల వంక చూశాడు. ఆ మరిదిని వీధిలో అందరూ సరేబాబు అంటారు. ఎవరేం చెప్పినా 'సరే సరే' అంటాడు, ఆ పైన అది అయితే అయినట్టు, లేకపోతే లేనట్టు. చేసిన తలుపుల్ని బండి మీద వేసుకుని ఇళ్లకి చేర్చేది అతనే.

"మాకు ద్రాక్షగుత్తి తలుపెక్కడిది?" అంది కోడలు.

నిజంగానే లేదు. పనిశాలకి ఉన్నది ఇనప షట్టరు. మేడ మీద ఉన్నది రెండు చెక్కలు కలిపి కొట్టిన పలక, గొళ్లెం బదులు తాడు. ఊరందరికీ తలుపులు చేసేవాడి కొంపకి తలుపు లేదని వీధిలో పిల్లాపాపా నవ్వుతారు. అమీనా షట్టరు చూశాడు, మేడ మీది పలక చూశాడు, చేతిలోని కాగితం చూశాడు. ఇప్పుడు ఆయనకీ అర్థం కావడం మానేసింది.

అప్పుడు సరేబాబు మెల్లిగా నోరు విప్పాడు. పాలిష్ ఆరడానికి షట్టరు పక్కన గోడకి ఆనించిన తలుపొకటి ఉండేదనీ, దాని మీద ద్రాక్షగుత్తి ఉండేదనీ, అది పళ్ల డాక్టరమ్మగారిదనీ చెప్పాడు. బండి ఎక్కించేటప్పుడు దాని మీద ఒక కాగితానికి బదులు రెండున్నాయట.

"ఒకటి అడ్రసు, ఇంకోటి కొలతలు కాబోలు అనుకున్నా వదినా. నాన్న చెప్పాడుగా, తలుపు గడపకి చేరేదాకా కాగితం పీకకూడదని."

ఆ కట్టుబాటు ఈ ఇంట్లో అందరికీ తెలిసిందే. మావగారి రోజుల్లో ఒకరి తలుపు ఇంకొకరి ఇంటికి వెళ్లి, రెండిళ్ల వాళ్లూ వచ్చి మీద పడ్డారు. అప్పటినుంచి కొన్నవాళ్ల పేరూ వీధీ రాసిన కాగితం తలుపుకే అతికించాలి, అది గుమ్మానికి బిగించేదాకా దాన్ని ముట్టకూడదు. పోయినాయన మాటని సరేబాబు జీవితంలో తు చ తప్పకుండా పాటించింది ఈ ఒక్కసారే. అది కూడా ఇలా అఘోరించింది.

ఇదంతా జరుగుతున్నంతసేపూ పనిశాలలో చిత్రిక చప్పుడు ఆగలేదు. ఇంటి పెద్దకొడుకు, కోడలి మొగుడు, వీధి మొత్తం మేస్త్రీ అని పిలిచే మనిషి, ఒక్కసారి షట్టరు దాకా వచ్చి, గునపాలు చూసి, తల్లిని చూసి, లోపలికి వెళ్లిపోయాడు. తన మెట్లు, తన తల్లి, తన పేరు మీద తీర్పు. అయినా నిమ్మకు నీరెత్తినట్టు చిత్రిక పట్టుకుంటున్నాడు. కోడలికి ఒళ్లు మండిపోయింది.

దర్జీ ఇంట్లో కుట్టు మిషను మాత్రం పొద్దుటినుంచీ ఆగిపోయి ఉంది.

చివరికి అమీనాయే దిగివచ్చాడు. మనిషి కూర్చున్న మెట్లని కొట్టించడం తన వల్ల కాదనీ, రేపు మధ్యాహ్నం పోలీసుల్ని తోడు తెచ్చుకుంటాననీ అన్నాడు. వెళ్తూ కోడలి దగ్గర ఆగాడు. "తలుపు సంగతి నాకు చెప్పి లాభం లేదు తల్లీ, కోర్టులో చెప్పుకోండి. ఈలోగా స్టే కాగితం తెచ్చి చూపిస్తే, చూసి వెళ్లిపోతా. తేకపోతే నా చేతుల్లో ఏమీ లేదు."

* * *

లాయరమ్మ గది జిరాక్సు షాపు మీద ఉంది. కింద మిషను తిరిగినప్పుడల్లా ఆవిడ బల్ల మీది గ్లాసులో నీళ్లు సన్నగా కదులుతున్నాయి. కోడలూ సరేబాబూ వెళ్లేసరికి ఆవిడ టిఫిన్ డబ్బా విప్పుకుని కూర్చుంది. తింటూనే అంతా వింది. తలుపు సంగతి వచ్చేసరికి తినడం ఆపి, మళ్లీ చెప్పమంది. రెండోసారి విని నవ్వేసింది.

ఎన్నో సాకులు విన్నాను గానీ, సమన్లని బండెక్కించి ఇంకొకరింటికి పంపినవాళ్లని మిమ్మల్నే చూశాను అంది. ఇది సాకు కాదని కోడలు ఉక్రోషంగా అంటే, అదే నేనూ అంటున్నాను, ఇది నిజంగా మంచి కారణం అని సర్దిచెప్పింది. ఇంటి తలుపుకి అతికించామని వాళ్ల కాగితం, అది అసలు ఇంటి తలుపే కాదు. సమన్లు అందనట్టే లెక్క.

ఆ తర్వాత ఆవిడ వివరించిందాంట్లో కోడలికి సగం అర్థమైంది, సరేబాబు అంతా అర్థమైనట్టు తల ఊపాడు. రెండు అర్జీలు వెయ్యాలట. ఆ తీర్పుని రద్దు చేసి, మా మాట కూడా వినండి అని మొదటిది. అది తేలేదాకా మెట్ల జోలికి ఎవరూ రాకుండా ఆపండి అని రెండోది. మొదటిది వేశాం కదా అని రెండోది దానంతటదే రాదు, విడిగా అడగాలి, అడిగినా ఇస్తారో ఇవ్వరో జడ్జిగారి ఇష్టం.

"సరే సరే. స్టే వస్తే గెలిచినట్టేగా," అన్నాడు సరేబాబు.

"కాదు బాబూ. స్టే వస్తే రేపు మెట్లు కొట్టరు. అంతే."

తీర్పు రద్దయితే గెలిచినట్టా అని అతను మళ్లీ అడిగాడు. అప్పుడు కేసు మొదటికి వస్తుంది, అప్పుడు మొదలవుతుంది అసలు కథ అంది లాయరమ్మ. సరేబాబు సరే అనలేదు. కోడలు అతన్ని అలా చూడడం అదే మొదలు.

"రెండు ప్రశ్నలుంటాయమ్మా. ఎందుకు రాలేదు, ఒకటి. దానికి మీ దగ్గర బ్రహ్మాండమైన జవాబుంది. వచ్చుంటే ఏం చెప్పేవారు, రెండు. చెప్పడానికేమీ లేనివాళ్ల కోసం తీర్పుని తిరగదోడరు. మెట్ల కింద నేల మీదేనా?"

మాదే అంది కోడలు. అనేశాక, నాకెలా తెలుసు అనుకుంది. కాపురానికి వచ్చిన రోజు ఆ మెట్లే ఎక్కింది. రోజూ నీళ్ల బిందెతో, బట్టల బుట్టతో, చంటిపిల్లతో ఆ మెట్లే ఎక్కింది. కాలి కింద ఉన్నది ఎవరిదని ఎప్పుడూ అనుమానం రాలేదు. నడిచే నేలని అనుమానిస్తూ ఎవరు నడుస్తారు?

ఇల్లు మేస్త్రీ పేరు మీద ఉంది కాబట్టి ప్రమాణపత్రం మీద అతనే సంతకం పెట్టాలంది లాయరమ్మ. అమీనా వచ్చేదాకా ఈ కేసు సంగతే తనకి తెలియదని అందులో రాసి ఉంటుంది. రేపు పొద్దున్నే వచ్చి పెడితే, జడ్జిగారు కూర్చోగానే వేసేస్తుంది. అన్నట్టు ఆ పళ్ల డాక్టరమ్మ కూడా తలుపుతో పాటు కాగితం వచ్చిందని ఒక ముక్క రాసిస్తే ఇక తిరుగే లేదంది.

కోడలు మెట్లు దిగుతూ చాలాసేపటి తర్వాత గుండెల నిండా గాలి పీల్చుకుంది. ఇంత చిన్న పొరపాటు, ఇంత సులువుగా తేలిపోతోంది. మావగారి కట్టుబాటే ముంచింది, అదే తేలుస్తోంది అనుకుంది.

* * *

డాక్టరమ్మ ఇంటి ముందు సరేబాబుని బండి దగ్గరే ఉండమని, కోడలు ఒక్కతే లోపలికి వెళ్లింది. ద్రాక్షగుత్తి తలుపు నిగనిగలాడుతూ ఎదురుగా ఉంది. మొగుడి మీద ఎంత కోపమున్నప్పుడైనా అతని పనితనం చూస్తే ఆమెకి గర్వమే వస్తుంది. ఇప్పుడూ వచ్చింది. వేలితో ఒక ద్రాక్షపండు తడిమింది. దాని పైన, కంటి ఎత్తులో, జిగురు మరక నలుచదరంగా ఇంకా కనిపిస్తోంది.

ఇద్దరు రోగుల మధ్య డాక్టరమ్మ బయటికి వచ్చింది. అడగ్గానే గుర్తుపట్టింది. అవును, రెండు కాగితాలున్నాయి, ఒకదాని మీద ముద్ర కూడా ఉంది అంది. కోడలి మొహం విప్పారింది. ఆ మాటే రాసిస్తారా అని అడిగింది.

రాసిస్తాను, దానికేముంది అంది డాక్టరమ్మ. ఆ తర్వాత ఏదో గుర్తొచ్చినట్టు ఆగింది.

"ఆ కాగితాన్ని మేస్త్రీగారే తీశారు కదమ్మా. తలుపు బిగించాక మెల్లిగా నీళ్లద్ది ఊడదీశారు. అక్కడే నిలబడి మొత్తం చదివారు. మొహం అదోలా అయిపోతే, మంచినీళ్లు కావాలా అని కూడా అడిగాను. వద్దని, మడిచి జేబులో పెట్టుకుని వెళ్లారు."

కోడలు ఆ జిగురు మరక మీద వేలు పెట్టి చూసింది. ఆ రోజు బిగింపుకి సరేబాబు లేడు. తలుపు దింపేసి వెళ్లిపోయి ఉంటాడు. ఎప్పుడూ అంతే.

మొదటి సగం ఒక్కటీ రాసిస్తే చాలని ఆమె అడిగింది. డాక్టరమ్మ కోప్పడలేదు. "రాస్తే ఉన్నదంతా రాస్తానమ్మా. నాకు సగం చెప్పడం చేతకాదు. ఇంటికెళ్లి ఆలోచించుకుని రండి," అని లోపలికి వెళ్లిపోయింది.

బండి దగ్గర సరేబాబు ఏమైందని అడిగాడు. రేపు ఇస్తారట అంది. మరిదితో ఆమె ఆడిన మొదటి అబద్ధం అది. సరే అన్నాడు.

దారి పొడుగునా ఆమెకి ఒక్కటే ప్రశ్న. తెలిసీ ఎందుకు వెళ్లలేదు? భయమా? బద్ధకమా? బద్ధకమనడానికి వీల్లేదు, ఆ మనిషి పండగ పూట కూడా పనిముట్టు వదలడు. మరి ఇంట్లో ఒక్క ముక్క అనకుండా, రోజూ పక్కనే పడుకుని, అన్నం పెడితే తిని, ఎలా ఉన్నాడు? కోపం రావాలి. కోపం కన్నా ముందు తికమక వచ్చి అడ్డంగా కూర్చుంది.

* * *

సాయంత్రం పనివాళ్లు వెళ్లిపోయాక కోడలు పనిశాలలోకి వెళ్లింది. మేస్త్రీ వెనక వైపు, టార్పాలిన్ కింద, ఏదో హోటల్ వాళ్ల ఆర్డరని చెప్పి నెలల తరబడి చేస్తున్న చెక్క మెట్ల దగ్గర ఉన్నాడు. ఆమె షట్టరు సగం దించింది.

"ఆ కాగితం ఏం చేశారు?"

ఏ కాగితం అని అతను అడగలేదు. చిత్రిక పక్కన పెట్టి, చేతికంటిన పొట్టు దులుపుకున్నాడు. అప్పుడే ఆమెకి జవాబు దొరికిపోయింది. అయినా నోటితో చెప్పించుకోవాలనిపించి అలాగే నిలబడింది. అతను బల్ల అంచున కూర్చుని చెప్పడం మొదలుపెట్టాడు.

ఆ సందు దర్జీదే. మెట్లు కట్టేటప్పుడు మావగారికి చోటు చాలలేదు. దర్జీని అడిగితే, కట్టుకో అన్నాడు. నీకు అవసరమైన రోజు ఒక్క మాట చెప్పు, తీసేస్తాను అని మావగారు మాటిచ్చాడు. దర్జీ మెడలోని టేపుతోనే సందు కొలిచారు. టేపు అవతలి కొన పట్టుకున్నది, అప్పుడే మీసాలు మొలుస్తున్న ఈ మేస్త్రీయే. రాతా కోతా లేదు. ఇద్దరు మగవాళ్ల మధ్య ఒక మాట, అంతే.

ఇప్పుడు దర్జీకి అవసరమొచ్చింది. ఆయన భార్యకి కాలూ చెయ్యీ పడిపోయి చక్రాల కుర్చీలో ఉంది. మెట్లు అడ్డం కావడంతో కుర్చీ సందులో పట్టదు, బయటికి తేవాలంటే ఇద్దరు ఎత్తాలి. దర్జీ నిరుడు వచ్చి అడిగాడు. మేస్త్రీ, చూద్దాం అన్నాడు. మళ్లీ అడిగితే మళ్లీ చూద్దాం అన్నాడు. మూడోసారి దర్జీ అడగలేదు, పలకరించడం మానేశాడు. ఆ తర్వాత కోర్టుకెక్కాడు.

"కోర్టుకెళ్తే ప్రమాణం చేయిస్తారు," అన్నాడు మేస్త్రీ. "చేశాక ఆ సందు మాదని ఎలా చెప్పను? మాది కాదని అమ్మ ముందు ఎలా చెప్పను? మా ఆయన మా నేల మీద కట్టిన మెట్లు అని వీధంతా చెప్పుకుంటుంది అమ్మ."

"అందుకని ఊరుకున్నారా?"

ఊరుకోలేదు అన్నట్టు అతను టార్పాలిన్ వంక చూశాడు. ఆమె కూడా చూసింది. చెక్క మెట్లు పైకప్పు కేసి ఏటవాలుగా నిలబడి ఉన్నాయి. వాటి పై కొస, సరిగ్గా తమ వంటింటి కిందికి చేరుతోంది. మేడ నేల చెక్కదే. కోసి తెరిస్తే చాలు.

"ఇది హోటల్ వాళ్లది కాదా?"

"హోటల్ ఏమీ లేదు."

కోడలికి నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఇంకా ఎంత పనుంది అని అడిగింది. చెక్క ఆరాలి, నెల పడుతుంది అన్నాడు. కోర్టు ఇంకో రెండుసార్లైనా పిలుస్తుందనీ, ఈలోగా ఇది బిగించేసి, అమ్మకి మోకాళ్ల నొప్పి కదా, లోపలి మెట్లు తేలిగ్గా ఉంటాయని నచ్చజెప్పి, బయటివి తనే తీసేద్దామనీ అనుకున్నాడట. ఒక్కసారి రాకపోతే ఇంత పని చేస్తారని తెలియదట. ఇంత మంచివాడూ ఇంత మూర్ఖుడూ ఒకే చొక్కాలో ఎలా ఇమిడారో ఆమెకి అంతుపట్టలేదు. చెంప మీద కొట్టాలనీ అనిపించింది, తల నిమరాలనీ అనిపించింది. రెండూ చెయ్యలేదు.

రేపు సంతకం సంగతేమిటంటే, అతను చిత్రిక చేతిలోకి తీసుకుని, "చూద్దాం" అన్నాడు. కాసేపాగి, "అమ్మకి మాత్రం చెప్పకు," అన్నాడు.

* * *

వాకిట్లోకి వచ్చేసరికి దీపాలు పెట్టే వేళయింది. అత్తగారు ఇంకా మూడో మెట్టు మీదే ఉంది. అమీనా రేపటిదాకా రాడు అత్తయ్యా, పైకి రండి, చలిగా ఉంది అంది కోడలు. ఆవిడ తల అడ్డంగా ఊపింది. పోనీ గోడకి ఆనుకోడానికి ఇంకో మెట్టు పైకి జరగండి అంది. దానికీ ఒప్పుకోలేదు.

"ఇక్కడిదాకానే అమ్మాయ్, మనది."

కోడలికి ముందు అర్థం కాలేదు. అత్తగారు అరచేత్తో తను కూర్చున్న రాతిని తట్టింది. ఆ తర్వాత, మెట్లు సందులోకి తిరిగే చోటుని చూపించింది. "అక్కడినుంచి దర్జీది. పరాయి నేల మీద కూర్చుని పేచీ పెట్టడానికి నాకు మనసొప్పలేదు."

ఆ రోజు పొద్దుటినుంచి వింటున్నవన్నీ ఒక ఎత్తు, ఇది ఒక ఎత్తు. కోడలు ఆవిడ కాళ్ల దగ్గర కూలబడింది.

మావగారు పోయేముందు ఆవిడకి చెప్పి పోయాడట. దర్జీ అడిగిన రోజున తీసెయ్యి, నా మాట పోనివ్వకు అన్నాడట. సరేనంది. కానీ కొడుక్కి చెప్పలేదు. చెబితే వాడు ఆ రోజే గునపం పట్టుకుంటాడు, తండ్రి మాటంటే వాడికి అంత పట్టింపు అని ఆవిడకి తెలుసు. ఆ మెట్లు మావగారు ఒక్కొక్క రాయీ చేత్తో పేర్చిన మెట్లు. ఆయన పేర్చిందాంట్లో ఇంక మిగిలినవి అవే.

"మొగుడి మాట నిలబెట్టనా, మొగుడు కట్టింది నిలబెట్టనా? రెండూ ఆయనవే కదే," అంది అత్తగారు. అప్పుడు ఆవిడ ఏడ్చింది. చప్పుడు లేకుండా, గిన్నెలోకి చూస్తూ.

కోడలు ఆవిడ మోకాలి మీద చెయ్యి వేసి కూర్చుంది. లోపలినుంచి చిత్రిక చప్పుడు వినిపిస్తోంది. తల్లికి చెప్పలేక కొడుకూ, కొడుక్కి చెప్పలేక తల్లీ, ఒకే నిజాన్ని చెరో గదిలో దాచుకుని కూర్చున్నారు. అనుకున్నట్టే అత్తగారు కళ్లు తుడుచుకుని ఆ మాటే అంది.

"వాడికి మాత్రం చెప్పకు."

అడకత్తెరలో పోకచెక్క అంటే ఏమిటో కోడలికి ఆ క్షణాన ఎవరూ చెప్పక్కర్లేకపోయింది.

* * *

పొద్దున లాయరమ్మ గదికి మేస్త్రీ, కోడలు, అత్తగారు ముగ్గురూ వెళ్లారు. అత్తగారు తనూ వస్తానని పట్టుబట్టింది. కోర్టులో పెద్దవాళ్లని చూస్తే జాలిపడతారని పైకి చెప్పింది గానీ, అసలు ఎందుకో కోడలికి తెలియలేదు. మెట్ల మీద కాపలాకి సరేబాబుని పెట్టారు. అతను సరే అని, హాయిగా పైకెళ్లి సందు వైపు మెట్టు మీద కాళ్లు చాపుకుని కూర్చున్నాడు. అత్తగారు అది చూసి ఏదో అనబోయి పెదవి కొరుక్కుంది. మేస్త్రీ కూడా చూసి తల తిప్పుకున్నాడు. ఇద్దర్నీ చూసిన కోడలు పళ్లు బిగబట్టింది.

లాయరమ్మ టైపు చేసి ఉంచిన ప్రమాణపత్రాన్ని గబగబా చదివింది. 'అమీనా వచ్చేవరకు ఈ కేసు విషయము నాకు ఎంతమాత్రము తెలియదు. సదరు మెట్లు నా సొంత స్థలములోనే ఉన్నవి.' చదివి, కాగితం తిప్పి మేస్త్రీ ముందు పెట్టింది. కోర్టు మొదలవడానికి ఇంకా కాస్తే టైముంది, డాక్టరమ్మ ముక్క తర్వాతైనా తెచ్చుకోవచ్చు అంది.

మేస్త్రీ కలం తీసుకున్నాడు. ఉలి పట్టినంత గట్టిగా పట్టుకున్నాడు దాన్ని. అత్తగారు కిటికీలోంచి బయటికి చూస్తోంది. కింద జిరాక్సు మిషను తిరిగింది, గ్లాసులో నీళ్లు కదిలాయి, ఆగాయి. కలం మాత్రం కాగితానికి ఆనలేదు.

పెట్టమని చెబితే ఇల్లు నిలుస్తుంది. వద్దని చెబితే మధ్యాహ్నానికి గునపాలు. ఏదో ఒకటి చెప్పేవాళ్లు ఎవరూ లేరు. కోడలికి దుఃఖం పొంగుకొచ్చింది.

"ఇద్దరికీ తెలుసు," అంది. "సందు మనది కాదని ఈయనకి తెలుసత్తయ్యా. టేపు పట్టుకున్నదీ, ఆ సమన్లు చదివిందీ ఈయనే. ఏమండీ, అత్తయ్యకీ తెలుసు. మావయ్య చెప్పే పోయారు."

మేస్త్రీ తల్లి వంక చూశాడు. తల్లి కొడుకు వంక చూసింది. కోడలు ఇద్దరి మాటా తప్పింది. తప్పినందుకు భయమేసింది, చెప్పేసినందుకు ప్రాణం తేలికపడింది.

అందరికన్నా ముందు తేరుకున్నది లాయరమ్మ. ఆవిడ ప్రమాణపత్రాన్ని తన వైపు లాక్కుని బోర్లించింది. ఇది నేను వెయ్యలేను అంది. విసుక్కోలేదు, కానీ గొంతులో నిన్నటి నవ్వు లేదు. కోర్టు సంగతి నాకొదిలేసి, అసలు మీకేం కావాలో ఒక్క మాటలో చెప్పమంది.

"నెల రోజులు," అన్నాడు మేస్త్రీ. లోపలి మెట్ల సంగతి అప్పుడు తల్లికి మొదటిసారి చెప్పాడు. అత్తగారు కిటికీ వదిలి కొడుకు వైపు తిరిగి వింది.

నెల రోజులే అయితే ఇంకో దారుందంది లాయరమ్మ. కేసు సంగతి ముందే తెలుసని ఒప్పుకుని, మెట్లు మేమే తీసేస్తాం, అంతవరకు అమలు ఆపండి అని గడువు అడగొచ్చు. అయితే ఇన్నాళ్లూ మొహం చాటేసినవాళ్లకి జడ్జిగారు ఉత్తపుణ్యానికి గడువివ్వరు. అవతలివాళ్లు సరేనంటేనే కొంత ఆశ. దర్జీగారిని ఎవరు అడుగుతారు?

మేస్త్రీ చేతి గోళ్లు చూసుకున్నాడు. అత్తగారు మళ్లీ కిటికీ వైపు తిరిగింది. అడగాల్సిన మాట ఒకటే, దాన్ని మోయగల గొంతు ఇద్దరిలో ఒక్కరికీ లేదు.

అప్పుడే కోడలి ఫోను మోగింది. సరేబాబు.

"వదినా, అమీనా ముందే వచ్చేశాడు. పోలీసులు కూడా ఉన్నారు." అతని గొంతు ఎప్పటిలా లేదు. "నన్ను లేపేశారు. దించేశారు. కూలీలు గునపం ఎత్తారు. అప్పుడు దర్జీ మావయ్య బయటికొచ్చాడు. వచ్చి మెట్ల మీద కూర్చున్నాడు. ఎవరితోనూ మాట్లాడట్లేదు. కేసు వేసింది మీరే కదండీ, లేవండి అని అమీనా బతిమాలుతున్నాడు."

కోడలు ఆ మాటలే గదిలో పైకి చెప్పింది. చెబుతూంటే తనకే నమ్మబుద్ధి కాలేదు. ఆయన తన తీర్పుకి తనే అడ్డం కూర్చున్నాడా, లేక గునపం పడేది కళ్లారా చూడాలని కూర్చున్నాడా?

అత్తగారు కిటికీ దగ్గర్నుంచి తిరిగింది.

"ఏ మెట్టు మీదో అడుగు."

కోడలు అడిగింది. అవతల అతను ఒకటీ రెండూ అని లెక్కపెట్టడం వినిపించింది.

"మూడోది," అన్నాడు సరేబాబు. "అమ్మ కూర్చునే చోటే."

అత్తగారు గోడ పట్టుకుని లేచింది. మన నేల మీదికొచ్చి కూర్చున్నాడు, ఇంటికి పదండి అంది. ఇప్పుడు వెళ్లిపోతే కోర్టులో వెయ్యడానికి నా దగ్గర ఒక్క కాగితం ఉండదు, ఆయన లేచిన మరుక్షణం మెట్లు పోతాయి అని లాయరమ్మ హెచ్చరించింది. మేస్త్రీ తల్లి వెనక రెండడుగులు వేసి, బల్ల కేసి తిరిగి, మళ్లీ తలుపు కేసి తిరిగాడు. చూద్దాం అనలేదు.

ఫోనులో సరేబాబు ఇంకా ఉన్నాడు. వెనకాల అమీనా గొంతు, ఎవరివో బూట్ల చప్పుడు వినిపిస్తున్నాయి.

"వదినా, వింటున్నావా? ఆయన్ని లేవమని చెప్పనా, ఉండమని చెప్పనా?"